ఒళ్ళో చేతులు

ఆ చీకటి గదికి మొదటినుంచీ మంచి పేరు లేదు.

గది అంటే ఇంట్లో గది కాదు. బజారు వెనక వీధిలో, తాళాల దుకాణానికీ పాత గిడ్డంగికీ మధ్య, ఒకప్పుడు సినిమా రీళ్ళు కడిగే ల్యాబు ఉండేది. రీళ్ళ కాలం పోయింది, ల్యాబు మూతపడింది. యంత్రాలు ఊడదీసి ఎవరికి దక్కినవి వాళ్ళు పట్టుకుపోయారు. మిగిలింది ముందు హాలూ, దాని వెనక ఆ గదీ. గదికి కిటికీ లేదు, గోడలన్నీ నల్లరంగు. తలుపు వేస్తే చాలు, మిట్టమధ్యాహ్నం కూడా కళ్ళు పొడుచుకున్నా ఏమీ కనబడదు.

అందులో చేతులు ఉంటాయని చెప్పుకునేవాళ్ళు.

చేతులంటే చేతులే. మనిషి ఉండడు. మణికట్టు దాకా రెండు చేతులు… అంతే. కరెంటు పని చేసేవాడొకడు లోపలికి వెళ్ళి, చీకట్లో స్క్రూడ్రైవరు కోసం తడుముకుంటుంటే ఎవరో అందించారట. పుచ్చుకున్నాడు, పని చూసుకున్నాడు, థాంక్స్ కూడా చెప్పాడు. బయటికొచ్చాక గుర్తొచ్చింది — లోపలికి వెళ్ళింది తానొక్కడేనని. ఆ తర్వాత వాడు ఆ వీధి మొహం చూడలేదు. కాపలా ఉండే ముసలాయన ఇంకో కథ చెప్పేవాడు. ఎప్పుడో అక్కడ రీళ్ళు అతికే పని చేసిన ఒకావిడ ఉండేదట. దీపం లేకుండా వేళ్ళతోనే తడిమి ముక్కకి ముక్క అతికేదట. ఊరంతా చూసిన సినిమాలన్నీ ఆవిడ అతికినవే. తెర మీద మాత్రం ఆవిడ పేరు ఒక్కసారీ పడలేదు. ఆవిడ పోయింది గానీ చేతులు పని మానలేదు అనేవాడు ముసలాయన.

నాకు నవ్వొచ్చేది. దెయ్యమన్నాక ఒక పద్ధతుండాలి కదా! జుట్టు విరబోసుకోదు, కాళ్ళు వెనక్కి తిరిగి ఉండవు, కెవ్వుమనదు. స్క్రూడ్రైవర్లు అందించే దెయ్యాన్ని చూసి పారిపోవడమేమిటి, ఇంటికి పిలిచి నాలుగు పనులు చేయించుకోవాలి గానీ — అనేవాణ్ణి. పగటిపూట అనేవాణ్ణి లెండి. రాత్రిపూట ఆ వీధిన వెళ్ళాల్సి వస్తే నేనూ అవతలి పక్కనే నడిచేవాణ్ణి.

అలాంటి గదిని కోరి అద్దెకు తీసుకుంది ఒకమ్మాయి. సినిమాలు తీస్తుంది. కథా, పాటలూ, ఫైటింగులూ ఉండే సినిమాలు కావు. ఒకసారి గోడ మీద ఎండ జరగడం తీసింది, పొద్దున్నించి సాయంత్రం దాకా. చూసినవాళ్ళలో సగం మంది నిద్రపోయారు, మిగతా సగం గొప్పగా ఉందన్నారు. మేం ఆమెని కెమెరా పిల్ల అనేవాళ్ళం.

ఊళ్ళో ఉన్న కళాకారుల ముఖాలన్నీ కలిపి ఒక సినిమా చెయ్యాలని ఆమె పట్టుదల. తానొక్కతే తియ్యదు, అందరం కలిసి తియ్యాలి. పద్ధతి ఇదీ. చీకటి గదిలో ఒక కుర్చీ, పక్కన ఒక దీపం, ఎదురుగా తాళం తిప్పితే నడిచే పాత కెమెరా. మాలో ఒకరు కుర్చీలో కూర్చుంటారు. ఇంకొకరు తాళం తిప్పి, కెమెరా నడిపించి, బయటికొచ్చి తలుపు వేసేస్తారు. కాసేపటికి కెమెరా తనంతట తానే ఆగిపోతుంది. అందాకా కూర్చున్న మనిషి ఒంటరిగా ఉండాలి. మాట్లాడకూడదు, నటించకూడదు. ఎవరైనా చూస్తుంటే మనిషి ఒక ముఖం తగిలించుకుంటాడు, ఎవరూ లేనప్పుడే అసలుది బయటికొస్తుంది అనేది కెమెరా పిల్ల. ఆ తర్వాత రీలు ఆమె తీసుకెళ్ళిపోతుంది. దాంతో ఏం చేస్తుందో చెప్పలేదు. ఏమొచ్చినా ఒప్పుకోవాలని మాత్రం అందరి దగ్గరా మాట తీసుకుంది.

నేను మట్టిబొమ్మలు చేసేవాణ్ణి, కాబట్టి నన్నూ పిలిచింది. నా ముఖానికీ ఒక రోజొచ్చిందని చెప్పి గడ్డం దువ్వుకుని వెళ్ళాను.

ఇక అసలు మనిషి దగ్గరికి వస్తాను.

ఊళ్ళో ఆయన్ని చేతులాయన అనేవాళ్ళు. మనుషుల బొమ్మలు వేస్తాడు. ముఖం ఎవరైనా వేస్తారు, చేతులు వెయ్యాలంటే ఆయనే అని పేరు. ఒక ముసలి డాక్టరుగారి బొమ్మ వేశాడు. మోకాళ్ళ మీద ఊరికే పెట్టి ఉన్న ఆ చేతుల్ని చూస్తే, అవి ఎందరి నాడి పట్టుకున్నాయో, ఎన్ని చోట్ల ఏమీ చెయ్యలేక వెనక్కి వచ్చాయో తెలిసిపోయేది. ఆ బొమ్మ చూసొచ్చి నేను మట్టి పిసకడం మానేద్దామనుకున్నాను.

ఆ చేతులు ఆయన వేసినవి కావు.

అప్పట్లో మాకెవరికీ తెలియదు. తర్వాత ఆయన నోటితోనే విన్నాను. ముందే చెప్పకపోతే కథ అర్థం కాదు కాబట్టి చెప్పేస్తున్నాను.

ఇంట్లో ఆయనా, వాళ్ళ అక్కా, ఇద్దరే. చిన్నప్పుడు ఇద్దరికీ ఒక ఆట ఉండేదట. ఒకే కాగితం మీద ఇద్దరూ కలిసి ఒక మనిషిని వెయ్యాలి. ముఖం తమ్ముడిది, చేతులు అక్కవి. తమ్ముడు వేసిన ముఖం చూసి, ఈ మనిషికి ఎలాంటి చేతులుంటాయో అక్క ఊహించి వెయ్యాలి. ఆట బాగా కుదిరింది. పెద్దయ్యారు, ఆట మానలేదు. కాగితం పోయి కాన్వాసు వచ్చింది, కింద ఒక పేరు పడడం మొదలైంది. తమ్ముడి పేరు. మొదట్లో అక్కే తన పేరు వద్దంది. నలుగురి ముందు నిలబడి మాట్లాడడం నావల్ల కాదు, నువ్వే పెట్టుకో అంది. రెండోసారి అడిగితే అలాగే అంది. ఆ తర్వాత ఆయన అడగడం మానేశాడు. ఇంటికి ఎవరైనా వస్తే "మా అక్క, ఇల్లు చూసుకుంటుంది" అని చెప్పడం అలవాటైపోయింది. ఆవిడ కాఫీ కప్పులు బల్ల మీద పెట్టి, లోపలికి వెళ్ళిపోయేది.

ఆయన సొంతంగా వేస్తే చేతులు అరటిపళ్ళ అత్తాల్లా వచ్చేవట.

ఎవరైనా చేతుల్ని మెచ్చుకున్నప్పుడల్లా ఆయన తల వంచుకునేవాడు. ఎంత పేరొచ్చినా ఎంత వినయమో అనుకునేవాళ్ళం. తేలు కుట్టిన దొంగ బాధని మేం వినయమనుకున్నాం.

కెమెరా పిల్ల పిలిచినప్పుడు ఆయన వెంటనే ఒప్పుకోలేదు. బొమ్మ వేస్తుండగా తీస్తావా అని అడిగాడట. లేదు, ఊరికే కూర్చుంటే చాలు అంది. అప్పుడు ఒప్పుకున్నాడు.

ఆయన వంతు వచ్చినప్పుడు కెమెరా తాళం తిప్పింది నేనే. పగలు బజారు గోలకి మనసు నిలవదని కెమెరా పిల్ల అన్నీ రాత్రిళ్ళే పెట్టేది. ఆయన వచ్చి కుర్చీలో కూర్చున్నాడు. రెండు చేతులూ కోటు జేబుల్లో పెట్టుకున్నాడు. చలేస్తోందా అంటే, లేదు, ఇలాగే బావుందన్నాడు. నేను కెమెరా నడిపించి బయటికొచ్చి తలుపు వేశాను.

లోపల జరిగింది ఆయన చెప్పినట్టే చెబుతాను.

తలుపు మూసుకోగానే కెమెరా చప్పుడొక్కటే మిగిలింది… గరగర, గరగర. దీపం వెలుగు ఆయన ముఖం మీదే పడుతోంది. దానికవతల కటిక చీకటి. కెమెరా కూడా కనబడదు, చప్పుడే.

మొదట ముసలాయన కథ గుర్తొచ్చిందట. తర్వాత తన సంగతి గుర్తొచ్చింది. ఎవరూ చూడనప్పుడు అసలు ముఖం బయటికొస్తుందన్న మాట గుర్తొచ్చింది. ఏం బయటికొస్తోందో… దాన్ని ఆ గాజుకన్ను ఎలా పట్టుకుంటోందో…

అప్పుడు — కెమెరా వెనక ఎవరో నిలబడినట్టనిపించింది.

కదలలేదు. పిలవలేదు. నిలబడి చూస్తున్నట్టు… అంతే.

మరి కాసేపటికి జేబులో ఉన్న చేతికి ఏదో తగిలింది. చల్లగా, తడిగా. కుంచె మొన ఎముక వెంట గీత గీసినట్టు, మణికట్టు నుంచి వేలి చివరిదాకా, మెల్లగా… చెయ్యి వెనక్కి లాక్కుందామంటే రాలేదు.

కెమెరా ఆగిపోయింది.

నేను తలుపు తీసేసరికి బాగా ఆలస్యమైంది. నిజం చెప్పొద్దూ, టీ తాగడానికి వెళ్ళి కబుర్లలో పడ్డాను. ఆయన ముఖంలో నెత్తురు చుక్క లేదు. గుసగుసగా అడిగాడు, మధ్యలో మీరు లోపలికొచ్చారా అని. రాలేదన్నాను. దెయ్యం వచ్చిందేమో, స్క్రూడ్రైవరేమైనా అందించిందా అని వెటకారమాడాను. ఆయన నవ్వలేదు. కోటు జేబుల్లోంచి చేతులు తియ్యకుండానే ఇంటికి వెళ్ళిపోయాడు.

కొన్నాళ్ళకి రీళ్ళు కడగడం అయింది. ఎవరి ముఖం వాళ్ళు ముందుగా ఒంటరిగా చూసుకోవాలి, తర్వాతే అందరికీ — అది కూడా కెమెరా పిల్ల పెట్టిన పద్ధతే. అందరికన్నా ముందు చేతులాయన్నే పిలిచింది. హాల్లో గోడకి తెల్లగుడ్డ కట్టి, ముందొక కుర్చీ వేసి, తాను వెనక ప్రొజెక్టరు దగ్గర నిలబడింది. దీపం ఆర్పింది.

గుడ్డ మీద ఆయన ముఖం వచ్చింది. ఒక పక్క వెలుగు, ఒక పక్క నీడ. మెడ కింద నల్లకోటు, అంతా చీకటే. తన ముఖం తనకే ఎవరిదో దొంగముఖంలా కనిపించిందట. చూడలేక కళ్ళు కిందికి దించుకున్నాడు. అప్పుడు కనబడింది.

ఒళ్ళో, కోటు నలుపులో, ఏదో తెల్లగా కదిలింది.

మెల్లగా… పొగలోంచి తేలినట్టు… వేళ్ళు. తర్వాత అరచెయ్యి. తర్వాత రెండో చెయ్యి. మణికట్టు దాకా వచ్చి ఆగాయి. ఆయన చేతులు జేబుల్లో ఉన్నాయి కదా. మరి ఇవి?

కుడిచేతిలో కుంచె ఉంది. ఆయన గడ్డం కింద, గాల్లో, ఏదో వేస్తున్నాయి ఆ చేతులు. తొందర లేదు. కుంచె ముంచడం, అంచుకి తుడవడం, మళ్ళీ వెయ్యడం. పైన ఆయన ముఖం రాయిలా ఉంది. కింద చేతులు పని చేసుకుపోతున్నాయి.

ఎడమచేతి చిటికెన వేలు వంకరగా ఉంది.

ఆ వేలు ఆయనకి తెలుసు. చిన్నప్పుడు కోపంతో తానే తలుపు విసిరి వేస్తే, ఆ సందులో పడి వంకరైన వేలది. వెనకనుంచి కెమెరా పిల్ల ఏదో చెప్పబోయింది. ఆయన వినలేదు. ఆ గదిలోకి చచ్చిపోయినవాళ్ళ చేతులే వస్తాయి. అక్కవి వచ్చాయంటే…

కుర్చీ తన్నుకుని పరిగెత్తాడు.

షట్టర్లు దించిన బజారు, తడిసిన వీధి, మలుపులో మొరిగిన కుక్క, చీకటి మెట్లు. తాళంచెవి ఎంతకీ కన్నంలో దూరదు. చివరికి తలుపు తోసుకుని లోపలికి పడ్డాడు.

అక్క బొమ్మల గదిలో ఉంది. కాలేజీ ప్రిన్సిపాల్ ఒకాయన బొమ్మకి చేతులు మొదలుపెడుతోంది. కళ్ళజోడు పైనుంచి తమ్ముణ్ణి చూసి, ఎందుకురా ఆ పరుగు, కుక్క తరిమిందా అంది.

ఆయన గుమ్మంలోనే కూలబడ్డాడట. ఏడ్చాడట కూడా. ఊపిరి తీసుకున్నాక ఏం చూశాడో చెప్పాడు. అక్క కుంచె పక్కన పెట్టి, అదా, ఆ అమ్మాయి నీకు చెప్పనే లేదా అంది.

జరిగింది ఇంతే. ఆయన ఇంట్లో లేని ఒక పగటిపూట కెమెరా పిల్ల వచ్చింది. ఆయన కుర్చీ, కుంచెలు, కిటికీ ఏవో కెమెరాతో తీసుకుందామని. తలుపు తీసే ఉంది. అక్క కుంచె పట్టుకుని, డాక్టరుగారి చేతుల్లాంటి చేతులే ఇంకెవరికో వేస్తూ కనబడింది. దాచుకునే వ్యవధి లేదు. పిల్ల చాలాసేపు గుమ్మంలో నిలబడి చూసి, మీ చేతులు మాత్రం తీసుకుంటానని అడిగింది. ముఖం తీసిన రీలునే వెనక్కి చుట్టి, దాని మీదే మళ్ళీ తీస్తుందట. రెండూ ఒకదాని మీద ఒకటి పడతాయి. నల్లగా ఉన్నచోట రెండోది తేలి కనబడుతుంది. మా అందరి ముఖాల మీదా అలాగే తీసింది, మాకు చెప్పకుండా. నా గడ్డంలో మా ఇంటి పిల్లి ముఖం పెట్టింది.

దెయ్యం కాదని తెలిశాక ఆయనకి భయం పోయింది. ఆ జాగాలోకి కోపం వచ్చింది.

"ఎందుకు ఒప్పుకున్నావక్కా?"

ఆవిడ కుంచెలు కడిగి, గుడ్డతో ఒత్తి, వరసగా పెట్టింది.

"ఎలా ఉంటాయో ఒకసారి చూసుకుందామని," అంది.

అందరూ చూస్తారే, ఎవరి చేతులని అడుగుతారే అన్నాడు ఆయన.

"అడగనీ. నువ్వు చెప్పు. ఆ అమ్మాయికీ అదే చెప్పాను. మీరు చెప్పకండి, మా వాడే చెప్తాడు అన్నాను."

"చెప్తాను," అన్నాడు ఆయన.

అందరికీ చూపించే రాత్రి హాలు కిటకిటలాడిపోయింది. కళ కోసం వచ్చినవాళ్ళు కొందరు, చేతుల గది ఎలా ఉంటుందో చూడ్డానికొచ్చినవాళ్ళు అంతకన్నా ఎక్కువ. ముందు వరసలో గ్యాలరీ యజమాని కూర్చున్నాడు. చేతులాయన బొమ్మలన్నీ ఒకచోట పెట్టి పెద్ద ప్రదర్శన చేస్తానని ఊరంతా చెప్పుకుంటున్నాడు. చిట్టచివరి వరసలో, తలుపు దగ్గర, ఇస్త్రీ బట్టల్లో ఒకావిడ కూర్చుని ఉంది. చేతులు ఒళ్ళో పెట్టుకుని ఉంది. ఆవిడ ఎవరో నాకు తెలుసు — చేతులాయన అక్క, ఇల్లు చూసుకుంటుంది.

నా ముఖం వచ్చింది, పిల్లి మీసాలతో సహా. జనం పడీపడీ నవ్వారు. నేనూ నవ్వాను, ఏడవలేక. తర్వాత ఆయన ముఖం వచ్చింది.

నవ్వులు ఆగిపోయాయి.

ఒళ్ళో చేతులు లేవగానే వెనకెవరో సన్నగా "చేతులు…" అన్నారు. పక్కనున్నామె నా మోచెయ్యి పట్టుకుంది, నేనెవరో కూడా తెలియదు ఆమెకి. రీలు అయిపోయి గుడ్డ తెల్లబడేదాకా ఒక్కరూ కదల్లేదు.

దీపం వెలిగాక గ్యాలరీ యజమాని వెనక్కి తిరిగి అడిగాడు, ఆ చేతులెవరివండీ అని.

చేతులాయన లేచి నిలబడ్డాడు. నోరు తెరిచాడు. వెనక వరసవైపు చూశాడు. అక్క కొంచెం ముందుకి వంగి కూర్చుంది. ప్రొజెక్టరు దగ్గర కెమెరా పిల్ల కూడా చూస్తోంది. ఆయన చూపు మళ్ళీ ముందు వరస మీదికి వచ్చింది… అక్కడే ఆగింది.

"ఈ గదికి… ఒక పేరుంది కదండీ," అన్నాడు.

చేతులు వెనక్కి కట్టుకున్నాడు.

"నేను కూర్చున్నప్పుడు కూడా… ఏదో తగిలినట్టే అనిపించింది."

అంతే. ఒక్కసారిగా గుసగుసలు లేచాయి. ఆ రాత్రి ఆయన జేబుల్లో చేతులు పెట్టుకోవడం నా కళ్ళతో చూశాను కదా, అందుకని అందరికన్నా ముందు నేనే నమ్మాను, పక్కవాళ్ళకి చెప్పాను కూడా. కెమెరా పిల్ల ముఖం ఎర్రబడింది. నోరు విప్పబోయింది. వెనక వరసలోని ఆవిడ తల అడ్డంగా ఊపింది, వద్దని. పిల్ల ఆగిపోయింది. ఆవిడ లేచి, కుర్చీ చప్పుడు కాకుండా వెనక్కి జరిపి, వెళ్ళిపోయింది.

జనం పోయాక కెమెరా పిల్ల ఆయన దగ్గరికొచ్చింది. గొంతు పెంచకుండానే అంది:

"నేను మాటిచ్చాను కాబట్టి చెప్పలేదు సార్. మీరు మాటిచ్చి కూడా చెప్పలేదు."

ఆయన ఇంటికి వెళ్ళేసరికి అక్క తలుపు తీసి, తిన్నావా అని అడిగింది. రోజూ అడిగినట్టే. నాలుగు తిట్టినా బావుండేదండీ, తిన్నావా అంది అని చెబుతున్నప్పుడు ఆయన నా ముఖంలోకి చూడలేకపోయాడు.

ఊరంతా గుప్పుమంది. దెయ్యం చేతులు సినిమాలో పడ్డాయట అని ఎక్కడెక్కడివాళ్ళో అడగడం మొదలుపెట్టారు. ఇంకోసారి చూపించాలని గ్యాలరీ యజమాని పట్టుబట్టాడు. ఇంట్లో మాత్రం ప్రిన్సిపాల్‌గారి బొమ్మ అలాగే ఉండిపోయింది. ముఖం ఉంది, భుజాలున్నాయి, చేతులు లేవు. అక్క బొమ్మల గదిలోకి రావడం మానేసింది. వంట చేసేది, బట్టలు మడిచేది, కిటికీ దగ్గర కూర్చునేది. ఇల్లు చూసుకునేది, అచ్చంగా ఆయన చెప్పుకున్నట్టే. కొన్నాళ్ళు చూసి చూసి ఆయన నసిగాడు, అక్కా, ఆ ప్రిన్సిపాల్‌గారి చేతులు… అని.

"దెయ్యాన్ని పిలుచుకోరా," అంది.

నవ్వుతూనే అంది. ఆయనకి తల కొట్టేసినట్టయింది. ఆ రాత్రి తానే కూర్చుని వెయ్యబోయాడు. అరటిపళ్ళు. తుడిచాడు, మళ్ళీ వేశాడు, మళ్ళీ అరటిపళ్ళు. కాన్వాసు ముందే కూర్చుని, ఇన్నేళ్ళుగా తనని మెచ్చుకున్న మాటలన్నీ ఒక్కొక్కటే గుర్తు చేసుకున్నాడట. ఏ ఒక్కటీ తనది కాదు. అక్కడెవరూ లేకపోయినా సిగ్గుతో ముఖం చేతుల్లో దాచుకున్నానని చెప్పాడు.

చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమే. అయినా పట్టుకున్నాడు. రెండోసారి చూపించే రోజున అక్కని రమ్మన్నాడు. నేను రాను, నువ్వెళ్ళు అందావిడ.

ఆ రాత్రి జనం మొదటిసారి కన్నా ఎక్కువ. దీపం ఆర్పబోతుంటే ఆయన లేచి తెల్లగుడ్డ ముందుకెళ్ళి నిలబడ్డాడు.

"ఆ చేతులు దెయ్యానివి కావు. మా అక్కవి. ఇప్పటిదాకా నా బొమ్మల్లో మీరు మెచ్చుకున్న ప్రతి చెయ్యీ ఆవిడ వేసిందే. నాకు చేతులు వెయ్యడం రాదు. మొన్న మీరడిగితే, బతికున్న మనిషిని దెయ్యాన్ని చేశాను. చిటికెన వేలు చూడండి, వంకరగా ఉంటుంది. అదీ నేను చేసిందే."

ఆయన వచ్చి నా పక్కన కూర్చున్నాడు. ముఖం నిండా చెమట, కానీ తేలిగ్గా ఊపిరి తీసుకుంటున్నాడు. నాకు ఆ క్షణంలో ఆయన మీద గౌరవం కలిగింది. దీపం ఆరింది.

గుడ్డ మీద ఆయన ముఖం వచ్చింది. ఒక పక్క వెలుగు, ఒక పక్క నీడ. కింద నల్లకోటు.

చూస్తున్నాం.

ఒళ్ళో చీకటి. చూస్తూనే ఉన్నాం… చీకటే. ఆయన ముందుకి వంగాడు. నేనూ వంగాను. ముఖం ఉంది, రాయిలా, అలాగే ఉంది. చేతులు రాలేదు.

రీలు అయిపోయింది. గుడ్డ తెల్లబడింది.

ఎవరో నవ్వారు. ఎవరో పాపం అన్నారు. గ్యాలరీ యజమాని వచ్చి ఆయన భుజం తట్టి, బాగా అలిసిపోయారు, కొన్నాళ్ళు విశ్రాంతి తీసుకోండి, మీ చేతుల సంగతి మాకు తెలియదా అన్నాడు. ఆయన ఏదో చెప్పబోయాడు. ఇంక వినేవాడెవడు! కెమెరా పిల్ల రీలు విప్పి, దీపానికి ఎదురుగా పట్టుకుని చూస్తోంది. మూరకి మూర జరుపుతూ చూస్తోంది. దానికి నకలు లేదు, ఉన్నది అదొక్కటే. రీలు మీద పడ్డది చెరిగేది కాదు, నేనే తీశాను, ఈ కళ్ళతో చూస్తూ తీశాను అని తనలో తనే అనుకుంటోంది. నేనూ వెళ్ళి చూశాను. ముఖమే. ప్రతి బొమ్మలోనూ ముఖమే.

ఆయన్ని ఒంటరిగా వదలబుద్ధి కాక ఇంటిదాకా నేనూ వెళ్ళాను. కాబట్టి ఇక్కడినుంచి విన్నది కాదు, చూసింది.

బొమ్మల గదిలో దీపం వెలుగుతోంది. అక్క ఒక్కతే కూర్చుని ఉంది. ఎదురుగా ప్రిన్సిపాల్‌గారి బొమ్మ లేదు, దాన్ని గోడవైపు తిప్పి పెట్టేసింది. కొత్త కాన్వాసు ఉంది. దాని మీద ఏముందో మాకు కనబడలేదు.

"చెప్పానక్కా," అన్నాడు ఆయన గుమ్మంలోంచే. "అందరి ముందూ చెప్పాను."

"మంచిదిరా."

"కానీ… చేతులు లేవక్కా అందులో."

ఆవిడ కుంచె కింద పెట్టింది. రెండు చేతులూ దీపం దగ్గరికి ఎత్తి, అటూ ఇటూ తిప్పి, వంకర వేలిని ఒకసారి నిమిరి చూసుకుంది. తర్వాత తమ్ముడివైపు తిరిగింది. ఆ ముఖంలో కోపం లేదు.

"ఎన్నాళ్ళని నీ ఒళ్ళో ఉంచనురా," అంది. "వెళ్ళి తెచ్చేసుకున్నాను."